బస్సులో అందరి టికెట్లు

నిజామాబాద్ నుంచి బోధన్ పోయే బస్సులో నా పక్కన కూర్చున్న పెద్దమనిషి ఉన్నట్టుండి లేచి, "ఇయ్యాల బస్సుల అందరి టికెట్లు నేనే కొంట" అంటూ కండక్టరమ్మకు ఐదువందల నోటు అందించాడు.

ఆమె పడీపడీ నవ్వింది. "అంత ఆడోళ్లే ఉన్నరన్నా! వాళ్లకు ఫ్రీ. మగోళ్లు మీరిద్దరే."

బస్సంతా గొల్లున నవ్వింది. ఆయన అందరికంటే గట్టిగా నవ్వి, తనతో పాటు నాకొక్కడికే టికెట్ కొన్నాడు.

ఆయన యూనివర్సిటీ ల్యాబులో అటెండరట. నోటిఫికేషన్ లేకుండా ఉద్యోగంలోకి తీసుకున్నారని ఆరేళ్ల కింద జీతం ఆపేశారు. కోర్టులో గెలిచాడు. ఆగిన జీతమంతా ఆ పొద్దుననే ఖాతాలో పడింది.

"జీతం లేకుండ ఇన్నేండ్లు ఎట్ల పనిచేసినవే అన్నా?" అని అడిగాను.

"తాళంచెవి నా దగ్గరనే ఉండె తమ్మీ. నేను పోకుంటే పిల్లలు బయటనే నిలవడుతరు గదా."

నా ఉద్యోగమూ అలా వచ్చిందేనని, నేనూ జీతం కోసం కేసు వేశానని చెప్పాను. ఆయన నాకు కొన్న టికెట్‌ను నా జేబులో పెట్టి, "గెల్సిననాడు నువ్వు గూడ గిట్లనే కొనాలె" అన్నాడు.

నా కేసు ఇంకా నడుస్తూనే ఉంది. అయినా బోధన్ బస్సెక్కితే చాలు, సీటు వెతుక్కునే ముందే మగవాళ్లు ఎందరున్నారో చూసుకుంటాను.