పూజలో పెట్టిన ఫెర్న్ ఆకు

కృష్ణవేణి గురించి రెండు పేజీలు రాసిమ్మని మన సంఘం సావనీర్ చూసే రవికుమార్ అడిగాడు. "లైట్‌గా రాయండి ఆంటీ, పాజిటివ్‌గా" అన్నాడు. నీ పాజిటివ్ తగలెయ్య అనుకున్నాను గానీ పైకి అనలేదు. నా నోటికి తాళం ఉండదని ఈ ఊళ్లో తెలుగువాళ్లందరికీ తెలుసు. అలాంటి నోరు, మాట్లాడి తీరాల్సిన ఒక్క రోజున పెగల్లేదు. ఆ సంగతి వదిలేసి వేణి గురించి ఏం రాసినా అది అబద్ధమే.

మా స్నేహం నలభై ఏళ్లది. నేను ఆసుపత్రి ల్యాబులో టెక్నీషియన్‌గా చేరిన ఏడే వేణి వాళ్లాయన భాస్కర్ గారితో అమెరికా, ఈ ఫార్మింగ్టన్ హిల్స్ వచ్చింది. ఆయన కార్ల కంపెనీలో ఇంజనీరు. ఈవిడ వాల్తేరులో బాటనీ ఎమ్మెస్సీ, యూనివర్సిటీ ఫస్టు. ఇక్కడ పీహెచ్‌డీకి సీటు కూడా వచ్చింది. అంతలో సుధ కడుపున పడింది. వచ్చే ఏడు చేరతాలే అంది. ఆ వచ్చే ఏడు మరి రాలేదు. లైబ్రరీలో పుస్తకాల మీద తేదీ ముద్ర కొట్టే ఉద్యోగంలో చేరి, ఇరవై ఆరేళ్లు అక్కడే పనిచేసి, అక్కడే రిటైరయింది.

రిటైరయ్యాక మాకిద్దరికీ ఒక వ్యసనం పట్టుకుంది. శనివారం పొద్దున్నే ఎస్టేట్ సేల్స్‌కి వెళ్లడం. ఎవరో ముసలావిడ పోతుంది, పిల్లలు ఇంట్లో ఉన్నవన్నీ అమ్మకానికి పెడతారు. నేను గిన్నెలు చూసేదాన్ని. వేణి పుస్తకాల గదిలో దూరేది. 2006లో అలా ఒక ఇంట్లో ఆమెకు ఆ ఆల్బమ్ దొరికింది.

ఆకుపచ్చ తోలు అట్ట. లోపల నలభై పుటలు, పుటకొక ఫెర్న్ ఆకు, అదే, నీడలో చెమ్మలో పెరిగే పువ్వు పూయని మొక్కది. నొక్కి, ఆరబెట్టి, సన్నటి కాగితపు పట్టీలతో అతికించారు. ప్రతి ఆకు కింద చిన్న అక్షరాలతో ఎక్కడ కోశారో, ఏ రోజు కోశారో రాసి ఉంది. మొదటి పుటలో పేరు, ఎల్లెన్ హార్వుడ్, 1857. ఇంగ్లండు నుంచి ఆ కుటుంబం మిషిగన్ వచ్చినప్పుడు పెట్టెలో వేసుకొచ్చి ఉంటారు.

"ఎండిపోయిన గడ్డికి ఇంత మురిసిపోతావేమే?" అన్నాను కారులో.

"గడ్డేమిటి నీ మొహం! ఆ రోజుల్లో ఇంగ్లండు మొత్తానికి ఫెర్న్ పిచ్చి పట్టింది, తెలుసా?" అంది. ఇక మొదలు. మా ఇల్లు వచ్చినా దిగనివ్వలేదు, డ్రైవ్‌వేలో కారాపి చెప్పింది. విక్టోరియా రాణి కాలంలో జనం సైన్సంటే పడి చచ్చేవారట. ఇప్పుడు మనవాళ్లు సినిమా మొదటి ఆటకు ఎగబడతారే, అలా ఉపన్యాసాలకు ఎగబడేవారట. సాయంత్రం టీకి పిలిచి మైక్రోస్కోపులో చెరువు నీటి చుక్క చూపించేవారట. కొత్తగా వచ్చిన రైలెక్కి సముద్రానికి పోయి, గౌనులు మోకాళ్లదాకా ఎత్తి కట్టుకుని, ఆడవాళ్లు రాళ్ల సందుల్లో నాచు ఏరేవారట. లండన్ పొగలో మొక్క బతకదని ముందుగదిలో గాజు పెట్టెలు పెట్టి వాటిలో ఫెర్న్‌లు పెంచేవారట. కప్పుల మీద ఫెర్న్, కర్టెన్ల మీద ఫెర్న్, ఆఖరికి సమాధి రాళ్ల మీద కూడా.

"పనీపాటా లేని జనం" అన్నాను.

"కాలేజీ గడప తొక్కనివ్వని జనం" అంది వేణి. "ఆ ఎల్లెన్‌కు కాలేజీ లేదు, చేతిలో ఫెర్న్ ఉంది. నాకు ఎమ్మెస్సీ ఉంది, చేతిలో డేట్ స్టాంప్ ఉంది. చూశావా ఎంత వింతో?" నవ్వుతూనే అంది. నాకు మాత్రం చప్పున కళ్లల్లో నీళ్లు తిరిగాయి.

ఆ తర్వాత నాలుగేళ్లు ఆమెకు అదే లోకం. బేస్‌మెంటులో బల్ల వేసి, లైట్లు పెట్టి, గాజు పెట్టెల్లో తనూ ఫెర్న్‌లు పెంచింది. వింటర్‌లో బయట మోకాలి లోతు మంచు, కింద ఆ గదిలో వాన వెలిసిన తోట వాసన. ఆల్బమ్‌లో ఒక్కో ఆకునూ గుర్తుపట్టి నోట్‌బుక్‌లో రాసుకునేది. పదిహేడో పుట దగ్గర ఆగిపోయింది. అది పల్చటి, అద్దంలా వెలుతురు దూరే ఆకు, ఎప్పుడూ తడిసి ఉండే రాళ్ల మీద మాత్రమే పెరిగే జాతి. దాన్ని కోసినట్టు రాసి ఉన్న వాగు దగ్గర ఆ జాతి ఉండేదని ఏ పుస్తకంలోనూ లేదట.

"ఎందుకు లేదో తెలుసా సరోజా? వీళ్లే పీకేశారు. బుట్టలకు బుట్టలు పీకి అమ్ముకున్నారు, కొన్నారు, గాజు పెట్టెల్లో పెట్టి చంపారు. ఇష్టపడి ఇష్టపడి మొదలంటా లేకుండా చేశారు." ఆ మాట అంటూ ఆమె ఆ పుట మీది పల్చటి కాగితాన్ని మెల్లగా కప్పింది. ఆకు మీద వేలు పెట్టడం నేనెప్పుడూ చూడలేదు.

యూనివర్సిటీ హెర్బేరియంకు, అంటే ఎండిన మొక్కలు భద్రపరిచే చోటికి, ఫొటో పెట్టి ఉత్తరం రాసింది. అక్కడి ప్రొఫెసర్ ఒకావిడ జవాబిచ్చింది. ఫొటో స్పష్టంగా లేదు, నేనే వచ్చి చూస్తాను, ఆకు వెనకవైపు మైక్రోస్కోపులో చూడాలి, రాత ఆ కాలానిదేనని తేలాలి, రెండూ నిజమైతే మీ పేరు మీదే జర్నల్‌లో చిన్న నోట్ వేయిద్దాం అని. వేణి ఆ కాగితం పట్టుకుని మా ఇంటికి నడిచే వచ్చింది, కారు తీయడం కూడా తోచలేదు. "నా పేరు మీద, సరోజా!" అంది. అరవై మూడేళ్ల మనిషి పదో క్లాసు రిజల్ట్ వచ్చిన పిల్లలా మా వంటింట్లో గిరగిరా తిరిగింది.

అది 2010 అక్టోబరు. ప్రొఫెసర్ సోమవారం వస్తానంది. అంతకు ముందు వారం వేణి వాళ్ల బేస్‌మెంటులోకి నీళ్లొచ్చాయి. పంపులు, ఫ్యాన్లు, పనివాళ్లు, ఇల్లంతా చెమ్మ. ఆల్బమ్ తెచ్చి నా చేతిలో పెట్టింది.

"నాలుగు రోజులు నీ దగ్గర డ్రైగా ఉంటుందే. తెరవకు. తడి తగలనివ్వకు."

"చాల్లే, ముప్పై ఏళ్లు ల్యాబులో చేసినదాన్ని, నాకు చెప్తున్నావా?" అన్నాను.

ఆ గురువారం మూలా నక్షత్రం, సరస్వతీ పూజ. మా ఇంట్లో ఆ పూజ పెద్దది. చుట్టుపక్కల పిల్లలందరి పుస్తకాలూ వస్తాయి. ఎస్ఏటీ గైడ్లు, కాలిక్యులేటర్లు, ఎవరివో రెజ్యూమేలు, మా ఆయన రామమోహనరావు గారి స్టెతస్కోపు. అన్నిటికీ పసుపు రాసి, కుంకుమ పెట్టి, పీట మీద పేర్చి, దశమి దాకా ఎవరినీ ముట్టుకోనివ్వను. ఆ పూట చేతులకు పసుపుతో అటూ ఇటూ తిరుగుతుంటే అలమరలో ఆల్బమ్ కనబడింది. నా బుద్ధి గడ్డి తిన్నది అప్పుడే. ఈ పిల్లలందరి పరీక్షలూ ఒక ఎత్తు, దాని పరీక్ష ఒక ఎత్తు కదా అనుకున్నాను. నలభై ఏళ్లకు ఒక్కసారి దాని పేరు అచ్చులో పడబోతోంది. అమ్మవారి దగ్గర పెట్టకుండా ఎలా?

పైన అట్టకు బొట్టు పెట్టి ఊరుకున్నా పోయేది. ఊరుకోలేదు. దశమికి తెరిచే పుట మంచి పుట కావాలని, వేణి చీటీ పెట్టుకున్న పదిహేడో పుట తీశాను. పల్చటి కాగితం పక్కకు జరిపి, నాలుగు మూలలా తడి పసుపు రాశాను. ఎల్లెన్ రాత పక్కన పసుపుతో శ్రీ రాసి, దాని మీద కుంకుమ పెట్టాను. ఒక చామంతి రెమ్మ కూడా లోపల ఉంచి మూశాను. పైన ఆర్గానిక్ కెమిస్ట్రీ పుస్తకాలు నాలుగు పేర్చాను. అప్పుడు నా మనసు ఎంత నిండుగా ఉందో చెప్పలేను.

ఆదివారం దశమి. పొద్దున్నే హారతిచ్చి ఆల్బమ్ తెరిచాను. పసుపు నీళ్లు పుటంతా పీల్చుకుని ఉన్నాయి. కుంకుమ ఎరుపు ఆకు దాకా పాకింది. సిరా కరిగి, వాగు పేరూ తేదీ ఉన్నచోట నీలంగా ఒక మరక. చామంతి రేకలు కుళ్లి, పల్చటి కాగితం ఆకుకు అతుక్కుపోయింది. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు, తడి టిష్యూతో తుడవబోయాను. కాగితం లాగితే దానితో పాటు ఆకు కూడా లేచి, పొడిపొడిగా నా ఒళ్లో పడింది. నూట యాభై మూడేళ్లు చెక్కుచెదరనిది, నా చేతిలో మూడు రోజులు ఆగలేదు.

వేణికి ఫోన్ చేసి రమ్మన్నాను. వచ్చి చూసింది. అరుస్తుందనుకున్నాను, కొట్టినా బాగుండేది. కుర్చీలో కూర్చుని చాలాసేపు ఆ పుటను ఒళ్లో పెట్టుకుంది.

"నోట్‌బుక్‌లో రాసుకున్నావు కదే, అది చూపించొచ్చుగా?" అన్నాను.

"నా కాపీ ప్రూఫ్ ఎలా అవుతుంది సరోజా? ఆకు లేదు, రాత లేదు." "చెప్పాను కదే, తెరవద్దని" అంది. అంతే.

సోమవారం ప్రొఫెసర్ వచ్చింది. నేను కాఫీ, మైసూర్‌పాక్ ట్రే పట్టుకుని వేణి వాళ్ల హాల్లో నిలబడ్డాను. నేనే చెప్తానని దారిపొడవునా ఇంగ్లీషులో వాక్యాలు కూర్చుకుని వెళ్లాను. ఆవిడ పదిహేడో పుట తెరిచి, ఏం జరిగిందని అడిగింది. నేను నోరు తెరిచేలోపు వేణి అంది: "నేనే చేశాను. మా పండగ ఆచారం. పుస్తకాలకు పసుపు రాస్తాం."

ఆవిడ కళ్లద్దాలు తీసి వేణి వైపు చూసింది. "మీరు బాటనీ చదివానన్నారు కదా?" అంది. గట్టిగా కూడా అనలేదు. వేణి మొహం పాలిపోయింది. "చదివాను" అంది.

నేను ట్రే పట్టుకునే ఉన్నాను. కాదండీ, ఈవిడ కాదు, నేను అనడానికి మూడు మాటలు చాలు. సిగ్గు ముంచుకొచ్చింది. వేణి చెప్పేసిందిగా, ఇప్పుడు నేను మాట మారిస్తే దాన్ని అబద్ధాలకోరును చేసినట్టవుతుందని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను. ఎంత చక్కటి సాకు! మనిషికి పిరికితనం వచ్చినప్పుడు తెలివి కూడా వస్తుంది.

ఆవిడ వెళ్లాక, "నీకెందుకే ఆ మాట?" అని ఏడ్చాను. "నువ్వు చేసింది నా కోసమే కదే. ఆవిడ ముందు నిన్ను నిలబెట్టి ఏం చేయను?" అంది వేణి. మిగతా పుటల కోసం యూనివర్సిటీ వాళ్లు ఆల్బమ్ తీసుకున్నారు. నోట్ సంగతి ఇక ఎవరూ ఎత్తలేదు. తర్వాత వేణి మా ఇంటికి రాకపోవడమూ లేదు, నాతో మాట్లాడకపోవడమూ లేదు. ఫెర్న్ మాట మాత్రం మళ్లీ నా దగ్గర తేలేదు. బేస్‌మెంట్ ఎండాక గాజు పెట్టెలు ఎవరికో ఇచ్చేసింది. శనివారాలు ఎస్టేట్ సేల్స్‌కు రమ్మంటే మోకాళ్ల నొప్పులంది.

పోయిన ఏడు, 2014 నవంబరులో, వేణి నిద్రలోనే పోయింది. పదో రోజు గుడి హాల్లో భోజనాలయ్యాక సుధ నా పక్కన కూర్చుని ఫోన్ చూపించింది.

"ఆంటీ, మమ్మీ నేమ్ యూనివర్సిటీ వెబ్‌సైట్‌లో ఉంది, చూశారా?"

ఆల్బమ్ ఫొటోలు పెట్టారు. పదిహేడో పుట కింద రెండు లైన్లు. ఆకు గుర్తించలేని స్థితిలో ఉంది, దాత కృష్ణవేణి పండగ ఆచారం కోసం పసుపు కుంకుమలు పూయడం వల్ల పాడయింది అని. సైన్సు అచ్చులో వేణి పేరు ఉన్నది అదొక్కచోటే.

"మమ్మీకి తెలుసు కదా ఆంటీ, ఓల్డ్ ప్లాంట్స్‌కి వాటర్ తగలకూడదు అని. నన్ను ముట్టుకోనిచ్చేది కాదు. మరి ఎందుకు చేసింది?"

"పెద్దయ్యాక ఒక్కోసారి అంతేనమ్మా" అన్నాను.

సుధ తలూపింది. "అయితే అప్పటికే మెమరీ ప్రాబ్లమ్ స్టార్ట్ అయిందేమో. నేను నోటీస్ చేయలేదు" అని కళ్లు తుడుచుకుంది. నేను దాని వీపు నిమిరాను.

వేణికి చివరి రోజు వరకు మతి చెదరలేదు. ఆ పుట మీద ఆమె ఊపిరి కూడా తగలనివ్వలేదు. పసుపు రాసింది నేను, తుడిచింది నేను, ట్రే పట్టుకుని నిలబడింది నేను. రవికుమార్, నువ్వు ఇది వేసుకుంటే వేసుకో. సంఘంలో అందరూ చదువుతారు, నన్ను నాలుగు మాటలంటారు, పడతాను. తెలియాల్సింది మాత్రం సుధకు. సుధ తెలుగు మాట్లాడుతుంది గానీ చదవడం రాదు. ఆ సంగతి తెలిసే ఇదంతా తెలుగులో రాశాను.