ఆజ్ఞకొక బీడీ

మొన్నీమధ్య మంథనిలో చుట్టాలింట పెళ్ళి చూసుకొని పెద్దపల్లి బస్సులో తిరిగి వస్తుంటే, నా ముందు సీట్లోని ఇద్దరు కాలేజీ ఆడపిల్లలు ఫోను మధ్యలో పెట్టుకొని, చెవుల్లో పెట్టుకునేవి లేవో, ఉన్నా పెట్టుకోవాలన్న జ్ఞానం లేదో గానీ, బస్సంతా వినేటట్టు ఒక పాట పెట్టారు. ఈ కాలంలో ఎవరి గోల వారిదే కదా అని కిటికీ వైపు తిరిగినదాన్ని, రెండో మాట చెవిన పడేసరికి చటుక్కున ఇటు తిరిగాను. అది మా తమ్ముడి గొంతు. దేవుని వాక్యాన్ని ర్యాప్ అనే ఆ గబగబ పాటలో చెప్పి, కరీంనగర్ నుంచి ఆదిలాబాద్ దాకా పేరు తెచ్చుకున్న మా తమ్ముడిని మన ఈడువాళ్ళు ఎరగకపోవచ్చు గానీ, మీ ఇళ్ళలో పిల్లల్ని అడిగి చూడండి, చెబుతారు. ఫోనులో అతను వేదికంతా కలియతిరిగి, జనాన్ని ఎగిరించి, చివరి పాటకు మాత్రం ఎప్పటిలాగే నేల మీద బాసింపట్టు వేసుకొని కూర్చున్నాడు. ఆ పిల్లల్లో ఒకతె ఈయన ఈ పాటకెందుకు కూర్చుంటాడే అని అడిగితే, రెండోది మోకాళ్ళ నొప్పులేమోనే, వయసైపోలేదా అంది. నలభై దాటగానే వయసైపోవడమేమిటి, నా మొహం! నోటిదాకా వచ్చిన మాటను మింగుకొని బస్సు దిగాను. వాళ్ళకు చెప్పలేకపోయింది మీకు చెబుతాను.

మా ఊరు కొండగట్టుకు ఈవల, కరీంనగర్ రోడ్డు మీద ఉంది. మంగళవారం, శనివారం అంజన్న కొండకు పోయే జనంతో బస్సులో కాలు మోపే సందు ఉండేది కాదు కాబట్టి, ఆ రెండు రోజులూ మా వాడ ఆడవాళ్ళం ఊరు దాటే పని పెట్టుకునేవాళ్ళం కాదు. నిజానికి మిగతా రోజుల్లో మాత్రం ఎక్కడికి పోయాం గనక? ఒళ్ళో చాట, చాటలో బీడీల తునికాకు, తంబాకు, పక్కన దారం, అదే మా లోకం. నన్ను ఊళ్ళోనే, వెనక వీధిలోనే ఇచ్చారు గనక, పెళ్ళయ్యాక కూడా పొద్దున వంట కాగానే చాట పట్టుకొని, మేము అవ్వ అని పిలిచే అమ్మ వాకిట్లోకే వచ్చి కూర్చునేదాన్ని. పక్కింటి ముస్లిం పెద్దావిడ, మేము ఖాలా అని పిలిచేవాళ్ళం, ఆమె కూడా తన చాట తెచ్చుకునేది. ముగ్గురం చేతులు ఆడిస్తూ, నోళ్ళు అంతకన్నా ఎక్కువ ఆడిస్తూ పొద్దు గడిపేవాళ్ళం. బీడీలు చేసిన ఆడవాళ్ళకు నేను వేరే చెప్పనక్కరలేదు, ఆకు పరవడం, తంబాకు పోయడం, చుట్టడం, మూతి ముడవడం, దారం కట్టడం, వీటికి కళ్ళతో పని లేదు, మనసుతో అసలే పని లేదు, చెయ్యి తనంత తాను చేసుకుపోతుంది.

బాపు, అంటే మా నాన్న, రైస్ మిల్లులో పని చేసేవాడు. నేను చంటిపిల్లగా ఉన్నప్పుడే ఆయనా, అవ్వా కలిసి బాప్తిస్మం తీసుకున్నారు. అయితే ఆ రోజుల్లో మా సంఘంలో అంతటితో సరిపోయేది కాదు. పది ఆజ్ఞలు, విశ్వాస ప్రమాణం, పరలోక ప్రార్థన కంఠతా పట్టి, బిషప్ గారు వచ్చినప్పుడు అందరి ముందు నిలబడి అప్పజెప్పాలి. అప్పుడు ఆయన తల మీద చేతులుంచి దీవిస్తేనే సంస్కారానికి, అంటే ప్రభువు బల్ల దగ్గర ఆ రొట్టె ముక్క, ద్రాక్షరసం తీసుకోవడానికి, అర్హత వచ్చేది. దాన్ని నిర్ధారణ అనేవాళ్ళు. బాపుకు నాలుగు అక్షరాలు వచ్చు గనక త్వరలోనే గట్టెక్కాడు. అవ్వకు అక్షరం ముక్క రాదు. బాపు చదివి వినిపించేవాడు, అవ్వ వెంట వెంట పలికేది, తెల్లవారేసరికి అంతా తుడిచిపెట్టుకుపోయేది. బిషప్ గారు వచ్చే ముందు పాస్టరయ్య గారు ఇంటికి వచ్చి పరీక్షించి, వచ్చే ఏడు చూద్దాంలే అమ్మా అని లేచిపోయేవారు. అట్లా ఆమె తోటివాళ్ళు అటుంచి, ఆమె ఎత్తుకొని పెంచిన పిల్లలు కూడా నిర్ధారణ పొందారు గానీ అవ్వ మాత్రం చర్చిలో, మేము గుడి అనేవాళ్ళం, చివరి వరుసలోనే ఉండిపోయింది. సంస్కారం వేళకు బాపు లేచి ముందుకు పోయేవాడు, అవ్వ కొంగు సర్దుకొని బయట చెప్పుల దగ్గరికి పోయి నిలబడేది. గుడిలోనే కూర్చోవచ్చు కదా అంటే, అందరూ పోతుంటే కూర్చున్నదాన్ని నన్నే చూస్తారు అనేది.

ఇదంతా ఎప్పుడూ ఉండేదే అనుకుంటుండగా బాపుకు ఊపిరి ఆడని జబ్బు వచ్చింది. ఏళ్ళ తరబడి ఆ మిల్లు దుమ్ము మింగినవాడికి రాక మరెవరికి వస్తుంది. మిల్లు మానిపించాం, కరీంనగర్ డాక్టరు మందులు రాసి, ఇక జాగ్రత్తగా చూసుకోండి అని మాత్రం అన్నాడు. ఆ రోజు ఇంటికి వచ్చాక అవ్వ చాట ముందేసుకొని కూర్చుంది. తర్వాత బీడీ చుడుతూ చుడుతూ, తల ఎత్తకుండానే నాతో అంది.

"ఆయన ఉన్నప్పుడే, ఆయన పక్కపొంటి ఒక్కపారి ఆ బల్ల కాడ మోకాళ్ళూనాలె బిడ్డా. గంతకన్న నాకేం వద్దు."

మా తమ్ముడు నాకన్నా చాలా చిన్నవాడు. ఇంటరు అయిందనిపించి, కరీంనగర్ బస్టాండు దగ్గర ఒక సీడీల దుకాణంలో పనికి కుదిరి, రోజూ బస్సులో పోయి వచ్చేవాడు. అక్కడే ఎక్కడివో ఇంగ్లీషు ర్యాప్ పాటలు అతని చెవిన పడ్డాయి, ఆ పురుగు కుట్టిందంటే కుట్టిందే, ఇక ఇంట్లో గిన్నె కనబడితే గిన్నె, తలుపు కనబడితే తలుపు, దేన్నీ కొట్టకుండా వదిలేవాడు కాదు. ఒకసారి నా చెవులకు కూడా తగిలించాడు. నాకు అది పాటలా అనిపించలేదు, నల్లా దగ్గర నీళ్ళ కోసం కయ్యానికి దిగినట్టుంది. పని చూసుకోరా అన్నాను.

అటువంటివాడు, అవ్వ ఆ మాట అన్న తర్వాత ఒక ఆదివారం మధ్యాహ్నం మా ఎదుట గడప మీద కూర్చొని చాలాసేపు అవ్వ చేతుల్నే చూశాడు. కాసేపటికి ఆమె ఆకు పరిచేటప్పుడు ఒక మాట, చుట్టేటప్పుడు ఒక మాట, దారం బిగించేటప్పుడు ఒక మాట పడేటట్టు మొదటి ఆజ్ఞను ముక్కలు చేసి, గడప మీద వేళ్ళతో దరువు వేస్తూ అందుకున్నాడు. మాట ఒక్కటీ మార్చలేదు, ఊపు మాత్రమే తనది. బీడీ పూర్తయ్యేసరికి ఆజ్ఞ పూర్తయింది. ఇంకో ఆకు తీస్తే రెండో ఆజ్ఞ. ఆజ్ఞకొక బీడీ. ముందు మేమంతా నవ్వాం, అవ్వ కూడా సిగ్గుపడుతూ నవ్వింది, నవ్వుతూ నవ్వుతూనే వెంట అనడం మొదలుపెట్టింది. మర్నాడు పొద్దున నేను చాట పట్టుకొని వచ్చేసరికి ఆమె ఒక్కతే కూర్చొని, నాలుగో ఆజ్ఞ దాకా తడుముకోకుండా చెబుతోంది. రోజులు గడిచేకొద్దీ ఆజ్ఞల వెంట విశ్వాస ప్రమాణం, దాని వెంట పరలోక ప్రార్థన, అన్నీ దారానికి దారం ముడేసినట్టు ఒకటే పాటగా కుట్టేశాడు తమ్ముడు. చివరికి మా ఖాలా కూడా, జర ఆగు, అక్కడ ఒకటి వదిలేసినవ్ అని అవ్వను దిద్దే దాకా వచ్చింది.

ఈ సంగతి సంఘ పెద్దల చెవిన పడింది, పడకుండా ఉంటుందా? పొగాకు మీద దేవుని ఆజ్ఞలా అని ముక్కున వేలేసుకున్నారు. ఆ బీడీల పైసలే ప్రతి ఆదివారం చందా సంచీలో పడ్డప్పుడు ఎవరికీ వాసన రాలేదు, ఆ మాట ఇప్పుడైతే మొహం మీదే అనేదాన్ని. పాస్టరయ్య గారు మాత్రం మంచి మనిషి, ఇంటికి వచ్చి, చాట పక్కనే పీట వేయించుకొని కూర్చొని మొత్తం విని, ఈసారి పేరు రాస్తున్నాను అన్నారు.

బిషప్ గారు వచ్చిన ఆదివారం గుడి నిండిపోయింది. బాపు ముందు వరుసలో, గోడకు ఆనుకొని కూర్చున్నాడు. అవ్వ వంతు వచ్చింది. తెల్లచీర కట్టుకొని, చేతులు జోడించి నిలబడింది. మొదటి ఆజ్ఞ చెప్పమ్మా అన్నారు బిషప్ గారు. అవ్వ నోరు తెరిచింది, మాట రాలేదు. మళ్ళీ అడిగారు. రాలేదు. వాకిట్లో బస్సులా ఉరికే మనిషి గుడిలో నిలువుగుడ్లేసుకొని నిలబడిపోయింది. వెనక ఎవరో గొణిగారు, పెద్దలు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు, తమ్ముడు తల దించేసుకున్నాడు. బాపు దగ్గు ఆపుకుంటున్న చప్పుడు మాత్రం వినిపిస్తోంది. అప్పుడు అవ్వ జోడించిన తన చేతుల వంక చూసుకొని, నెమ్మదిగా అంది.

"అయ్యా, నిలవడితె నాకు రాదు. జర కూసుంటె చెప్త."

బిషప్ గారు ఏమనుకున్నారో, సరే కూర్చోమన్నారు. అవ్వ ఆ బల్ల ఎదుట, ఆ నున్నటి బండల మీద బాసింపట్టు వేసుకొని కూర్చుంది. ఒళ్ళో చాట లేదు, ఆకు లేదు, ఏమీ లేదు. ఉత్త చేతులు కదిలాయి. ఆకు పరిచింది, తంబాకు పోసింది, చుట్టింది, ఆ ఊపుతో పాటే మొదటి ఆజ్ఞ పుట్టలోంచి చీమలు వచ్చినట్టు వచ్చేసింది. బిషప్ గారు చేయెత్తి ఆపి, మరి ఆరోది చెప్పమ్మా అన్నారు. అవ్వ మళ్ళీ మొదటి ఆజ్ఞ అందుకుంది. కాదమ్మా, ఆరోది అన్నారు ఆయన.

"నడుమకెల్లి రాదయ్యా. మొదలుకెల్లి వస్తె గది దొరుకుతది."

అప్పుడు నవ్వారాయన. సంఘమంతా నవ్వింది. ఇక ఆపకుండా మొత్తం చెప్పమన్నారు. అవ్వ ఆజ్ఞలు ముగించి, అడగకుండానే విశ్వాస ప్రమాణంలోకి, అక్కడి నుంచి పరలోక ప్రార్థనలోకి దూసుకుపోయింది, ఆపుదామన్నా ఆగేది కాదు, చివర ఆమేన్ అంటూ లేని దారాన్ని వేళ్ళతో బిగించి తెంపి, అప్పుడు ఊపిరి పీల్చుకుంది. బిషప్ గారు ఆమెను లేవనెత్తలేదు, తానే వంగి తల మీద చేతులుంచారు. ఆ రోజు సంస్కారం వేళకు అవ్వ చెప్పుల దగ్గరికి పోలేదు. బాపు చెయ్యి పట్టుకొని నడిపించుకుంటూ ముందుకు పోయి, ఆయన పక్కన మోకాళ్ళూనింది. తిరిగి వస్తున్నప్పటి ఆమె మొహాన్ని నేను వర్ణించలేను. నా పెళ్ళిలో కూడా ఆమె అంత సంతోషంగా లేదు, ఈ మాట అన్నందుకు మా ఆయన ఇప్పటికీ నవ్వుతాడు. ఆ తర్వాత బాపు ఎన్నో ఏళ్ళు ఉండలేదు గానీ, ఉన్నన్నాళ్ళు ఇద్దరూ కలిసే ముందుకు పోయారు.

నేర్పింది ఎవరని ఆ రోజే అడిగి తెలుసుకున్న బిషప్ గారు తమ్ముడిని మంచిర్యాలలో యువజన కూడికకు పిలిపించారు. అక్కడితో మొదలైంది అతని పాట. అంతా పూలబాటే అనుకోకండి. ఆదిలాబాద్ వైపు ఒక ఊళ్ళో, ఇది దేవుని పాట కాదు, డిస్కో అని మైకు ఆపేశారు. తమ్ముడు వేదిక దిగి, జనం మధ్యన నిలబడి, ఉత్త గొంతుతో చెప్పి వచ్చాడు. సీడీల దుకాణంలో సగం రోజు, ఊళ్ళు తిరగడం సగం రోజు, పిల్లనివ్వడానికి వచ్చినవాళ్ళు ఏం పని చేస్తాడంటే ఏం చెప్పాలో మాకే తెలిసేది కాదు. కానీ అతను ఏ ఊరు పోయినా ముందు అక్కడివాళ్ళ చేతుల్ని చూసేవాడు. ఆదిలాబాద్ చేలల్లో పత్తి ఏరే ఆడవాళ్ళ చేతికి సరిపడేటట్టు, వాళ్ళు మాట్లాడే మరాఠీ ముక్కలు కలిపి ఒకటి కట్టాడు. మరమగ్గాల ఊళ్ళో వాళ్ళు సాంచెలని పిలిచే ఆ మగ్గాల చప్పుడు మీదే ఒకటి కట్టాడు. అక్కడి నేతవాళ్ళు హిందువులే, దేవుడి సంగతి మాకు తెలియదు గానీ చప్పుడు మాత్రం మా సాంచెలదే అని మెచ్చుకొని చాయ్ తాగించి పంపారట. తర్వాత ఫోన్లు వచ్చాయి, వీడియోలు వచ్చాయి, మైకు ఆపిన ఊరివాళ్ళే బ్యానరు కట్టి పిలిచారు. తమ్ముడు పోయాడు, ఒక్క మాట అనలేదు. నేనైతే అనేదాన్ని. ఎంత పేరు వచ్చినా అవ్వ పాటను మాత్రం నిలబడి చెప్పడం అతనికి ఇప్పటికీ రాదు, అది మోకాళ్ళ నొప్పి కాదమ్మా, మీ అందరికన్నా ముందు ఆ పాటను కూర్చొని చెప్పిన మనిషి ఒకామె ఉంది.

అవ్వ పోయి కూడా చాలా ఏళ్ళయింది. ఇప్పుడు మా గుడిలో నిర్ధారణకు ఎవరినీ పెద్దగా ఏమీ అడగడం లేదు, ఎదురుగా తెర మీద మాటలు పడతాయి, చూసి చదివితే చాలు. ఒకరి మనసు కష్టపెట్టకుండా ఉండటమే మంచిదని నేనూ అంటాను. పిల్లలకు తమ్ముడి పాట నోటికి వచ్చు, పండుగ రోజు గంతులు వేస్తూ చెబుతారు, నాకు కడుపు నిండిపోతుంది. అయినా పోయిన క్రిస్మస్‌కు ఇంటికి వచ్చినప్పుడు తమ్ముడు భోజనం ముందు కూర్చొని, ఎందుకో అన్నాడు.

"అక్కా, గిప్పుడు నా పాట ఇనేటోళ్ళు మస్తుమంది ఉన్నరు. గది లేకుంటె నడవనోళ్ళే ఒక్కరు లేరు. అవ్వకు గది లేకుంటె నడవకపోతుండె."

అతని కంచంలో కూర వడ్డించాను. కానీ ఆ మాట అప్పటి నుంచి నన్ను పట్టుకొని వదలడం లేదు. ఆదివారం ముందు వరుసలో కూర్చొని, అతని పాట గుడంతా మారుమోగుతుంటే గర్వంగా అటూ ఇటూ చూస్తాను, ఈ పాట ఈమె తమ్ముడిదే అని ఎవరైనా గుర్తుపడతారేమోనని. అట్లా చూస్తున్నప్పుడే ఒక్కోసారి అనుమానం వస్తుంది, అది లేకుంటే నడవనివాళ్ళు ఇప్పుడు కూడా ఉన్నారేమో, చివరి వరుసలోనో, చెప్పుల దగ్గరో నిలబడే ఉన్నారేమో, ముందుకు వచ్చి కూర్చున్న మేమే వెనక్కి తిరిగి చూడటం మానేశామేమో అని.