పర్శరాములన్నకు రాని కామెర్లు

సిద్దిపేటలో బ్లౌజులు కుట్టి బతికే మాలాంటివాళ్లకు పర్శరాములన్నతో పని పడక తప్పదు. కుట్టుమిషన్లు ఆయన బాగు చేసినట్టు ఇంకెవరూ చెయ్యరు. కానీ ఎప్పుడిస్తావన్నా అంటే ఏడాదంతా ఒకటే జవాబు, రేపు. నా మిషన్ ఆయన దుకాణంలో ఉన్నన్ని రోజులు నా ఇంట్లో లేదు. తిడదామని వెళ్తే చాయ్ తెప్పిస్తాడు. తాగాక తిట్టబుద్ధి కాదు.

ఆయన చెల్లెలు విమలమ్మను గజ్వేల్‌లో ఇచ్చారు. తండ్రి పోయాక, దుకాణం వెనక నాలుగు అర్రలున్న ఇల్లు అన్న చేతిలోనే ఉండిపోయింది. నా భాగం సంగతేమిటని చెల్లె అడిగినప్పుడల్లా మాకు చెప్పే జవాబే ఆమెకూ చెప్పాడు. మేమైతే మిషన్ కోసం ఇంకో నెల ఆగుతాం. ఆమె ఆగలేదు, పంపకం కోసం కోర్టుకు వెళ్లింది. సమన్లు తెచ్చిన మనిషికి కూడా ఈయన చాయ్ పోయించి, సంతకం పెట్టి తీసుకున్నాడు.

వాయిదా కంటే ముందు రాఖీ పున్నమి వచ్చింది. విమలమ్మ ఎప్పటిలాగే బస్సు దిగి, అన్నకు రాఖీ కట్టి, నోట్లో మిఠాయి పెట్టి, వదిన వండిన మటన్ తిని, పెట్టిన చీర తీసుకుని వెళ్లింది. అంతే, పర్శరాములన్న దృష్టిలో కేసు కొట్టేసినట్టే. రాఖీ కట్టిన చెల్లె కేసెట్లా నడుపుతుందని నాతోనే అన్నాడు. మరి ఈ సంగతి కోర్టుకు ఎవరు చెబుతారని నేనడిగితే, నాకు లోకజ్ఞానం లేదన్నట్టు చూశాడు.

వాయిదాలకు వెళ్లలేదు, వకీలును పెట్టలేదు. ఎదుటివాళ్లు రాలేదు కాబట్టి కోర్టు విమలమ్మ మాటే విని, ఇంట్లో సగం ఆమెదని ఏకపక్షంగా డిక్రీ ఇచ్చేసింది. ఏడాది దాటాక, ఇల్లు కొలవడానికి కోర్టు పంపిన కమిషనర్ టేపు పట్టుకుని గుమ్మంలో నిలబడితే గానీ ఈయనకు ఆ సంగతి తెలియలేదు.

అప్పుడు పరుగెత్తాడు. దొరికిన వకీలు వెంకటనర్సయ్య సారు బాగా ఆరితేరిన మనిషి. డిక్రీ రద్దు చేయమని అడిగే గడువు ఎప్పుడో దాటిపోయిందని, ముందు ఆ ఆలస్యాన్ని మన్నించమని అడగాలని, దానికి గట్టి కారణం చూపాలని చెప్పాడు. రాఖీ మాటెత్తితే జడ్జి నవ్వుతుందని, కామెర్లని రాయించాడు. సమన్లు అందిన నెల నుంచీ పసరు మందు తాగుతూ మంచం దిగలేదట. ఆ సారు దగ్గరికి ఆలస్యంగా వెళ్లిన వాళ్లందరికీ కామెర్లే వస్తాయని తర్వాత తెలిసింది.

విచారణ రోజు నేనూ వెళ్లాను. ఆయన మీద ప్రేమతో కాదు. దుకాణానికి తాళం వేసుకుని పోయాడు, లోపల నా మిషన్ ఉంది. బోనులో నిలబడ్డ ఆయన్ని విమలమ్మ వకీలు చాలా మర్యాదగా అడిగాడు, మంచం పట్టానన్న ఆ నెలలోనే రాఖీ పండగ కదా, ఇంట్లో మటన్ వండితే తిన్నారా అని. పెళ్లాం వంట సంగతి వచ్చేసరికి మా అన్న అన్నీ మరిచాడు. రెండుసార్లు వేసుకున్నానని గర్వంగా చెప్పాడు. వెంకటనర్సయ్య సారు ఫైలులో తల దూర్చాడు.

అసలు ఎందుకు రాలేదో నిజం చెప్పమంది జడ్జమ్మ.

"చెల్లె రాఖీ కట్టింది మేడమ్. ఇంక కేసు లేదనుకున్న."

హాలంతా నవ్వింది. విమలమ్మ నవ్వలేదు. అబద్ధం రాసినందుకు జడ్జమ్మ గట్టిగా చివాట్లు పెట్టింది. అయినా ఇంటి పంపకం ఇద్దరి మాటా విని తేల్చాల్సిందని, ఈ ఒక్కసారికి ఆలస్యాన్ని మన్నిస్తున్నానని, ఇంకో వాయిదా తప్పితే ఊరుకోనని చెప్పింది.

పర్శరాములన్న పండగ మొహంతో వరండాలో ఉన్న చెల్లెలి దగ్గరికి వెళ్లి, జడ్జమ్మ మాఫ్ చేసిందని చెప్పాడు. ఆ సంబరం చూసి నాకే సిగ్గేసింది.

"ఆమె మాఫ్ చేస్తది. నీకోసం ఎదురుసూసింది ఆమె కాదు గద?" అంది విమలమ్మ. "గా రాఖీ నాడు పొద్దుగూకిందాక కూసున్న. కేసెందుకేసినవే చెల్లె అని ఒక్కమాట అడుగుతవని. చీర పెట్టి బస్సెక్కిచ్చినవ్."

ఎవరికైనా ఏదో ఒకటి చెప్పి పంపే మనిషి, తల వంచుకుని నిలబడ్డాడు. అప్పుడు, ఎందుకేసినవే అని అడిగాడు.

"బాపు పోయినంక గా ఇంట్ల నేను ఒక్క రాత్రన్న పండుకున్ననా?"

ఆయన ఎంతో సేపు గుర్తు తెచ్చుకోవాలని చూశాడు. పండగలు, పెళ్లిళ్లు, తద్దినాలు, అన్నీ వెతికినట్టున్నాడు. నాకు నా మిషన్ సంగతే గుర్తు లేదు, కళ్లనీళ్లు వచ్చాయి.

"లేదు చెల్లె," అన్నాడు.