గిర్ని చప్పుట్ల నేను విన్న మాట

నా చిన్నప్పుడు నోరు మూస్కొని కూసునుడంటే నాకు పెద్ద శిక్ష. ఊర్ల ఏం జరిగినా మొదలు నేనే చెప్పాలె. ఇయ్యాల శాస్త్రం మీద, చరిత్ర మీద డాక్యుమెంటరీలు తీసుకుంట బతుకుతున్ననంటే ఆ రోగం పూర్తిగ పోలేదనే లెక్క. దానికి మందు వేసింది మాత్రం మా తాత.

మాది కోరుట్ల. తాత పిండి గిర్ని నడిపేటోడు. తెలంగాణ కావాలని లొల్లి నడుస్తున్న రోజులు, బడులు బంద్. ఒకనాడు నేను జొన్నలు పట్టియ్యడానికి పోయి, ఇంజను నడుస్తుంటే గిర్నిల నిలవడ్డ. బయట సడక్ మీద జులూస్ పోయింది, ఎవరో బస్సు అద్దం పలగ్గొట్టిండ్రు. పొద్దుమీకి వాకిట్ల అందరు తలా ఒక ముచ్చట చెప్తుంటే నేనూకుంటనా? పక్కింటి అన్న "కొట్టుండ్రి" అని సడక్ మీద ఒర్రంగ నా చెవులార విన్ననని చెప్పిన. అందరు నా దిక్కే తిరిగిండ్రు. ఆ సంబురంల ఇంకో నలుగురికి చెప్పిన. చెప్పంగ చెప్పంగ నాకే నిజంగ విన్నట్టయింది.

తెల్లారేవరకు ఆ మాట పోలీసోళ్ళ చెవుల వడ్డది. జవాను అచ్చి ఆ అన్నను ఠాణాకు తోల్కపోతనన్నడు. అన్నకు అప్పుడే పంతులు నౌకరి కాయితం వచ్చింది. కేసైతే అది పాయె. వాళ్ళమ్మ గడపల కూలవడి ఏడ్వవట్టింది. అయినా జవాను అడిగితే మళ్ళ అదే చెప్పిన. ఎంత మొండిదాన్నో!

తాత నన్ను ఒక్క మాటనలేదు. జవానును బతిమిలాడి గిర్ని కాడికి తోల్కచ్చిండు. నన్ను నిన్నటి జాగలనే నిలవెట్టి, ఇంజను షురు చేసి, జవానును వెంటవెట్టుకొని సడక్ మీదికి పోయిండు. అక్కడ నిలవడి నా దిక్కు చూసుకుంట గట్టిగ ఏదో ఒర్రిండు. నోరు ఆడుతున్నది, ఇంజను చప్పుట్ల మాట మాత్రం ఇనవడలే. గిర్నిల పనిచేసేటోళ్ళు సైగలతోనే మాట్లాడుకుంటరని నాకు బుద్ధెరిగినకాణ్ణుంచి ఎరుకే. ఆ మాటే మరిచిన. తాత జవానుతోని లోపలికచ్చి ఇంజను బంద్ చేసి, "నేనేమన్న?" అని అడిగిండు. ఓడిపోవుడు ఇష్టం లేక, "జై తెలంగాణ అన్నవు" అన్న.

"జిలేబి తింటవా బిడ్డా అని అడిగిన," అన్నడు తాత.

జవాను కడుపు పట్టుకొని నవ్వి, అన్న జోలికి పోకుండనే తన తొవ్వన తను పోయిండు. సిగ్గుతోని నా తల భూమిల వెట్టుకున్నట్టయింది. తాత అంతటితోని ఇడువలే. "పోయి నీ నోటితోనే చెప్పిరా" అని పక్కింట్ల అన్న వాళ్ళమ్మ కాడికి పంపిండు. "నేను వినలేదు పెద్దమ్మా, ఒట్టిగనే చెప్పిన" అన్న. కొడతదనుకున్న. దగ్గరికి తీసుకొని ఇంకింత ఏడ్చింది. దెబ్బలకంటె అదే ఎక్కువ తాకింది.

ఇన్నేండ్లల్ల కోటలు, పాత బావులు, రాళ్ళల్ల దొరికిన ఎముకలు, ఎన్నిటి మీదనో సినిమాలు తీసిన. ఎవరు ఎంత సక్కగ చెప్పినా, అప్పుడు నువ్వు ఎక్కడ నిలవడ్డవని అడుగుత. పోయి అక్కడ నిలవడి చూస్త. మొన్న సిరిసిల్లల ఒక పెద్దాయన ఉద్యమం నాటి ముచ్చట కండ్లకు కట్టినట్టు చెప్పిండు. ఆయన చెప్పిన దర్వాజల నిలవడితే సడకే కానరాలే. సినిమాకు పానం అసొంటి ముక్క, అయినా కోసేసిన. నాతో పనిచేసేటోళ్ళు గరమైండ్రు. కానీండ్రి.

ఆ దినం పెద్దమ్మ ముందర "వినలేదు" అనే ఒక్క మాట అననీకి నాకు మస్తు భయమైంది. ఇయ్యాల "ఇది నాకు తెల్వదు" అని కెమెరా ముందర నిలవడి చెప్పుడంటే నాకు ఎవ్వరి భయం లేదు.