పెరటాసికీ వానకూ నడుమ సముద్రం

కారు నడపడం నేను నలభై దాటిన తరువాత నేర్చుకున్నాను. మా ఆయనకు మోటార్ సైకిల్ తప్ప ఇంకేదీ చేతికి అలవాటు కాలేదు. స్టీరింగ్ ముందు కూర్చుంటే కళ్ళు తిరుగుతాయని తనే ఒప్పుకున్నాడు. అందుకని అత్తను ఆసుపత్రికి తీసుకుపోవడానికి కొన్న పాత కారు నా చేతికొచ్చింది. మహేంద్రమంగళంలోని మా ఇంటి నుంచి పాలకోడుకు, పని పడితే ధర్మపురికి, అక్కడి నుంచి మళ్ళీ ఇంటికి. నా దారి అంతే. అయినా ధర్మపురి దగ్గర నాలుగు వరుసల రోడ్డు ఎక్కి, బెంగళూరు బస్సు ఒకటి పక్కనుంచి దూసుకుపోతుంటే గీత తప్పకుండా నడిపిన రోజు, ఇంటికొచ్చి ఎవరికీ చెప్పకుండా నాలో నేనే నవ్వుకున్నాను.

ఆ ఏడు పెరటాసి నెలలో సేలం కాలేజీ నుంచి మా అమ్మాయి సెలవుకు వచ్చింది. నేను వాకిట్లో కూర్చొని టమాటాలు ఏరుతున్నాను. దోరవి ఒక బుట్టలో, పండినవి ఒక బుట్టలో. తను పక్కన చతికిలబడి ఫోను నా ముఖం ముందు పెట్టింది.

"అమ్మా, ఇది చూడు."

వంతెన మీద పోతున్న కారులోంచి ఎవరో తీసిన వీడియో అది. రెండు పక్కలా నీళ్ళు, నీళ్ళ అంచున తెల్లటి కొంగలు, దూరంగా సరుగుడు తోపు, దాని వెనక నీలం గీత.

"ఇది ఏ ఊరు?"

"ఈసీఆర్ మా, సముద్రం పక్కన పోయే రోడ్డు. పాండిచ్చేరి నుంచి మహాబలిపురం దాకా ఇట్లే ఉంటుంది. నువ్వు డ్రైవ్ చేస్తే సూపరా ఉంటుంది."

చేతిలో ఉన్న టమాటా ఏ బుట్టలో వేయాలో మరిచిపోయాను. సముద్రం నేను చూడనిది కాదు. పెళ్ళైన కొత్తలో తిరుచెందూరుకు బస్సులో పోయాం. దారంతా తల దించుకొని కూర్చున్నాను. గుడి దగ్గర జనం భుజాల మధ్య నుంచి కొంచెం నీళ్ళు చూసి తిరిగొచ్చాను. అది వేరు, సముద్రం పక్కన నా చేత్తో నేను బండి నడుపుకుంటూ పోవడం వేరు. ఆ మధ్యాహ్నమంతా నా కుడికాలు తనంతట తనే నేలను తొక్కుతూ ఉండింది.

సాయంత్రం చేను నుంచి వచ్చి కాళ్ళు కడుక్కుంటున్న మా ఆయనకు అమ్మాయే విషయం చెప్పింది. ఎందుకిదంతా అంటాడనుకున్నాను. ఆయన చెంబు కింద పెట్టి, "ఎప్పుడు?" అన్నాడు.

"వచ్చే వారం. నా లీవులోనే."

"పెరటాసి కదా."

"అయితే ఏంపా?"

"సముద్రం కాడికి పోయి సాంబారన్నం తినేసి వచ్చేదా?"

పెరటాసి పెరుమాళ్ళ నెల. నెలంతా మా ఇంట్లో కోడిగుడ్డు కూడా ఉడకదు. మామూలు రోజుల్లో ఆయనకు చేపలంటే ప్రాణం, కానీ మా ఊరికి వచ్చే చేపలు చెరువువో డ్యామువో, మంచు కరిగిపోయిన పెట్టెలో వస్తాయి. సముద్రపు చేప అప్పుడే పట్టింది తినాలని ఆయనకు ఎంత ఆశ ఉందో ఆ రోజే నాకు తెలిసింది. "పెరటాసి ముగిసినాక పోదాము. నేనూ వస్తాను," అన్నాడు.

తిన్నె మీద కూర్చున్న అత్త అందుకుంది. "పెరటాసి ముగిస్తే ఐపసి," అనింది. "ఐపసిలో ఆ పక్క వాన పట్టుకుంటే రోడ్డే కనపడదంట. ఇంకొకటి, మన ఆవు ఐపసిలోనే ఈనేది. దాన్ని విడిసిపెట్టి ఎవురు పోతారు?"

అందరం కొట్టం వైపు చూశాం. ఆవు నెమరు వేస్తూ మమ్మల్ని చూసింది.

అప్పుడు మొదలైంది మా లెక్క. పెరటాసి ముగియాలి, వాన మొదలు కాకూడదు, ఆవు ఈనకూడదు. ఆ నడుమ ఎన్ని రోజులుంటే అన్ని రోజులు మావి. అమ్మాయి ఒక శుక్రవారాన్ని పట్టుకుంది. శుక్రవారం పొద్దున పోయి ఆదివారం సాయంత్రానికి తిరిగి రావాలి. కాలేజీకి ఒక్క రోజు లీవు పెడితే చాలు.

ఆ పూటే చున్నీ తీసి నేల మీద పరిచింది. చున్నీ అంచు తీరం. నేను ఏరి పెట్టిన టమాటా పండ్లు తెచ్చి అంచు వెంబడి పేర్చింది. "ఈ తక్కాళి పాండిచ్చేరి. ఇది మరక్కాణం, ఇక్కడ ఉప్పు మళ్ళు ఉంటాయి. ఇది మహాబలిపురం." మా ఆయన వంగి, "చేపలు ఏ పండు కాడ దొరుకుతాయి?" అని అడిగాడు. అన్నిటి దగ్గరా దొరుకుతాయంది. ఆయన తృప్తిగా లేచిపోయాడు.

ఒక సంగతి మాత్రం నన్ను కొంచెం నీరసపరిచింది. ఆ రోడ్డు వెంట సముద్రం అంతటా కనిపించదట. ఇళ్ళు, సరుగుడు తోపులు, గోడలు అడ్డం ఉంటాయట. "అయితే సముద్రం పక్కన పోయినట్లు ఎట్లయితుంది?" అన్నాను. అమ్మాయి ఫోనులో మ్యాపు పెద్దది చేసి చూపించింది. పెద్ద రోడ్డు నుంచి సన్న సందులు సముద్రం వైపు పోతున్నాయి. ఏ సందు ఇసక దాకా పోతుంది, ఏది ఎవరి గేటు ముందో ఆగిపోతుంది అని తల్లీకూతుళ్ళం ఇద్దరం తలలు ఆనించి చూశాం. సెలవు ముగిసి తను సేలం పోయాక కూడా రోజూ ఫోను చేసి కొత్త సందు ఒకటి చెప్పేది. నేను వంట చేస్తూ ఆ సందులోకి మలుపు తిరిగేదాన్ని.

ఆ రోజుల్లో మా ఇంట్లో ఆకాశాన్ని ఇద్దరం రెండు విధాలుగా చూసేవాళ్ళం. మా రాగి చేనికి ఒక్క వాన కావాలి. మా ఆయన పొద్దున లేచి తూర్పున మబ్బు చూసి సంతోషపడేవాడు. నేను అదే మబ్బును చూసి గుండె పట్టుకునేదాన్ని. ఒకరోజు మబ్బు విడిపోయి ఎండ కాసింది. "పాయె," అన్నాడాయన. నేను ముఖం తిప్పుకొని నీళ్ళ బిందె ఎత్తుకున్నాను. చివరికి మా రాగికి వాన వచ్చింది, ఒక రాత్రి కురిసి తెల్లారేసరికి వెలిసింది. ఇద్దరికీ న్యాయం జరిగింది.

ఇక ఆవు. దానికి మా ఆయన అక్కను పిలవాలని అత్త తేల్చింది. మా వదిన ఏ. పళ్లిపట్టి అనే ఊళ్ళో ఉంటుంది. కూడలిలో వాళ్ళ ఎరువుల అంగడి కొడుకు, కోడలు చూసుకుంటారు. సూడి ఆవుల దగ్గర వదిన చేయి మంచిదని పేరు. అడిగిన వెంటనే, "వస్తాలే," అనింది.

బయలుదేరే ముందు రోజు ఆమెను తీసుకురావడానికి నేనొక్కదాన్నే పోయాను. ధర్మపురి దాటి, అరూరు మీదుగా, అంత దూరం ఒంటరిగా నడపడం అదే మొదలు. అరూరు దాటాక దారి ఖాళీగా ఉంది. అద్దం దించి, ఎవరూ వినరు కదా అని గట్టిగా పాడుకున్నాను. కూడలి దగ్గర వదిన సంచి పట్టుకొని నిలబడి ఉంది. నన్ను స్టీరింగ్ ముందు చూసి ఒక నిమిషం కదలలేదు.

"నువ్వే వచ్చినావా?"

"నేనే దా వదినా. ముందుకు ఎక్కు."

తిరిగొచ్చే దారిలో ఆమె అద్దం పూర్తిగా దించేసింది. కొంగు ఎగిరి ముఖం మీద పడుతున్నా పట్టించుకోలేదు. లారీ ఒకటి అడ్డం పోతుంటే, "దాన్ని దాటేస్తావా?" అని అడిగింది. దాటాను. వెనక్కి తిరిగి ఆ లారీని చాలాసేపు చూసింది.

సాయంత్రం సేలం బస్సు దిగి అమ్మాయి వచ్చింది. రాగానే మళ్ళీ చున్నీ పరిచింది, పండ్లు పేర్చింది. మా ఆయన కొత్త చొక్కా మడత పెట్టి సంచి పైన ఉంచాడు. వదిన ఆవు పక్కటెముకలు, వెనక భాగం తడిమి చూసి, "ఇంకా రెండు మూడు నాళ్ళు ఉండాది," అని చెప్పి వచ్చి కొంచెం దూరంగా కూర్చుంది. అమ్మాయి సందుల గురించి చెబుతుంటే వింటోంది.

"ఆ సందులో బండి నీళ్ళదాకా పోతుందా పాపా?"

"ఇసక దాకా పోతుంది అత్తా. అక్కణ్ణుంచి నడిచేది."

"నీళ్ళు కాళ్ళ మీదికి వస్తాయా?"

"వస్తాయి అత్తా."

 వదిన లేచి వంటింట్లోకి వచ్చింది. దారికి నేను పులిహోర కలుపుతున్నాను. ఆమె వేరుశనగలు వేయించడానికి బాణలి పెట్టింది. ఆమె ముఖం చూసి నాకు ఏదో తట్టింది.

"ఏం వదినా?"

"ఏం లేదు."

"చెప్పు."

గింజలు కలుపుతూనే చెప్పింది. "పెండ్లయినప్పట్నుంచి నేను ఏ ఊరికి పోయినా పనికే పోయినాను. ఎవురో కనింటే పోయినాను. ఎవురో ఆసుపత్రిలో పడుంటే పోయినాను. ఇప్పుడు ఆవుకు వచ్చినాను. తప్పని చెప్పలేదు. రమ్మంటే సంతోషంగానే వచ్చినాను. మీరు అట్ల మాట్లాడుకుంటుంటే, నేనూ ఒకసారి ఊరికే ఎక్కడికన్నా పోయింటే బాగుండు అనిపించింది. అంతే దా."

 ఆమెను పిలిచింది మేమే, మేము ఊరికే పోవడానికి. గడప దగ్గర చప్పుడైంది. నీళ్ళకు వచ్చిన మా ఆయన అక్కడే నిలబడి ఉన్నాడు. ఎంతసేపటి నుంచి ఉన్నాడో తెలియదు. బిందెలో చెంబు ముంచి తాగి, మూతి తుడుచుకున్నాడు.

"అక్కా, నువ్వు పో. నేను ఉంటాను."

"నీకేం పిచ్చా. ఆవు?"

"ఆవు నన్ను చూసి పారిపోతుందా?"

"నువ్వు చేపలని ఆశపడినావు కదరా."

"చేపలు సముద్రంలోనే కదా ఉంటాయి. ఎక్కడికి పోతాయి?"

వదిన ఒప్పుకోలేదు. సూడి ఆవు కాడ నీకేం తెలుసని, ఒకరు ఉండాలంటే అది తనేనని వాదించింది. తిన్నె మీద నుంచి అత్త గొంతు వినిపించింది. "దూడను ఎట్ల పట్టి లాగాలో వానికి నేర్పించిందే నేను. నేనుండాను, వాడుండాడు. నువ్వు పోయి రా."

ఆయన సంచిలోంచి తన చొక్కా తీసి కొక్కేనికి తగిలించడం నేను చూశాను. ఆ మడత విప్పకుండానే తగిలించాడు. నేను ఏదైనా అంటే మనసు మార్చుకుంటాడేమోనని మాట్లాడలేదు. సంచిలో ఖాళీ అయిన చోట వదిన చీర మడిచి పెట్టాను.

పొద్దున వెలుతురు రాగానే బయలుదేరాం. వదిన ముందు సీట్లో, అమ్మాయి వెనక పులిహోర గిన్నెతో. ధర్మపురిలో బస్టాండు ఎదుట కాఫీ తాగాం. ఊత్తంగరై దాటాక ఎండ వచ్చింది. తిరువణ్ణామలై కొండకు కారు ఆపకుండానే వదిన దండం పెట్టుకుంది. దిండివనం దగ్గర కొంచెం దారి తప్పి, ఒక పూలమ్మిని అడిగి సరిచేసుకున్నాం. నా భుజాలు నొప్పి పుట్టాయి కానీ ఆపాలనిపించలేదు.

మరక్కాణం దగ్గరికి వస్తుండగా ఫోను మోగింది. మా ఆయన. అమ్మాయి స్పీకరు పెట్టింది.

"ఈనింది. పెయ్య."

"రెండు నాళ్ళన్నానే," అంది వదిన. "మాయ పడిందా?"

"పడింది. అమ్మ పక్కనే ఉంది. దూడ లేచి పాలు తాగుతోంది."

వదిన ఇంకేదో చెప్పబోయి ఆగింది. "సరే, నువ్వు చూసుకో," అని అమ్మాయికి ఫోను పెట్టేయమని చేయి ఊపింది. అప్పటికి రోడ్డు పక్కన ఉప్పు మళ్ళు మొదలయ్యాయి. ఎండలో తెల్లటి కుప్పలు, మధ్యన అద్దాల్లా నీళ్ళు. గాలి వాసన మారింది. అద్దం మీద రెండు చినుకులు పడి ఆగిపోయాయి.

అమ్మాయి చెప్పిన మొదటి సందులోకి తిప్పాను. తాటిచెట్లు, పడవలు బోర్లించిన ఇసక, ఆ వెనక ఏ అడ్డూ లేకుండా సముద్రం. నేను ఇంజను ఆపాను కానీ చేతులు స్టీరింగ్ మీదే ఉండిపోయాయి. ఇంత దూరం నేనే నడిపాను అనే మాట లోపల గిరగిరా తిరుగుతోంది. వదిన చెప్పులు కారులోనే విడిచి, చీర కుచ్చిళ్ళు పట్టుకొని నడిచిపోయింది. మొదటి అల కాళ్ళ మీదికి రాగానే ఒక అడుగు వెనక్కి వేసింది. రెండో అలకు కదలలేదు. ఇసక మీద కూర్చొని పులిహోర తిన్నాం. చీర అంచు తడిసి బరువైనా ఆమె మళ్ళీ మళ్ళీ నీళ్ళలోకి పోయింది.

పెద్ద రోడ్డు ఎక్కాక నేరుగా మహాబలిపురం పోవాలన్నది మా ఏర్పాటు. కొంచెం దూరం పోయామో లేదో వదిన చేయి చాపింది.

"ఆ సందులో ఏముండాది?"

"అది మన ప్లాన్‌లో లేదు అత్తా," అంది అమ్మాయి.

"లేకుంటే ఏం. చూసి వస్తాము."

నేను ఇండికేటరు వేశాను. ఆ సందు ఒక రొయ్యల కంపెనీ గేటు ముందు ఆగిపోయింది. సముద్రం ఛాయలు కూడా లేవు. కాపలాదారుడు లేచి నిలబడ్డాడు. రివర్సు నాకు ఇప్పటికీ సరిగా రాదు. వదిన దిగి, వెనక నిలబడి, కారు గురించి ఏమీ తెలియకపోయినా రా రా అని చేతులు ఊపుతూ ఉంటే, నేను నవ్వు ఆపుకోలేక ఇంజను రెండుసార్లు ఆర్పేశాను.