రిలే మీద వేలు

నా దగ్గరికి వచ్చే బండ్లలో సగానికి బంపర్ కింద నిమ్మకాయ, మిరపకాయలు వేలాడుతుంటాయి. ముప్పై ఏళ్లుగా సూరత్‌లో కార్ల వైరింగ్ పని చేస్తున్నాను. "స్మశానం పక్కన ఆపినప్పటి సంది బండికి ఏదో పట్టింది" అని వణుకుతూ చెప్పినవాళ్లున్నారు. నిజమే, పట్టింది. తుప్పు పట్టింది. బ్యాటరీ నుంచి బాడీకి వెళ్లే ఎర్త్ వైరు గీకి బిగిస్తే ఎంతటి దయ్యమైనా దిగిపోతుంది. నేను దయ్యాల్ని నమ్మలేదు, ఇది రాస్తున్నప్పుడు కూడా నమ్మడం లేదు. ఆ మాట ముందే చెప్పి, జరిగింది జరిగినట్టు రాస్తాను.

మా నాన్న సిరిసిల్ల నుంచి మగ్గాల పనికి వచ్చి ఈ ఊళ్లోని బమ్రోలి పేటలో ఉండిపోయాడు. నాకు మగ్గం చప్పుడు పడలేదు, వైర్లు పట్టుకున్నాను. ఇంటి ముందు గదే దుకాణం. పెళ్లయిన ఏడాది నుంచి నాతోపాటు పనిచేసింది నా భార్య సుగుణ. పనిచేసిందంటే పానా పట్టిందని కాదు. తాళం తిప్పేది.

కారు కరెంటు పనికి రెండో మనిషి కావాలి. ఒకరు బానెట్ కింద చెయ్యి పెట్టి చూస్తుంటే ఇంకొకరు సీట్లో కూర్చుని తాళం తిప్పాలి. సెల్ఫ్ కొట్టేటప్పుడు తాళాన్ని పట్టుకునే ఉండాలి, వదిలితే వెనక్కి వచ్చేస్తుంది. నేను "కొట్టు" అని అరిస్తే సుగుణ పొయ్యి తగ్గించి, చేతులు కొంగుకు తుడుచుకుంటూ వచ్చి సీట్లో కూర్చునేది. "ఆపు" అంటే ఆపేది. అంతే మా ఉద్యోగం. పాతికేళ్లు కార్లలో కూర్చుంది గానీ ఒక్క అడుగు కూడా నడపలేదు.

మొదటిరోజు ఆమెకు ఒక పాత బండితో పని నేర్పాను. దాని పంపు బలహీనం. ముందు రెండుసార్లు తాళం సగం తిప్పి వదిలి, పెట్రోలు ఎక్కాక మూడోసారి సెల్ఫ్ కొట్టాలని చెప్పాను. అది ఆ బండికి మాత్రమే. సుగుణ ఆ రోజు నుంచి ప్రతి బండికీ అదే చేసేది. అక్కర్లేదే అంటే వినేది కాదు.

"నీ ఇంజన్ సంగతి నాకేం ఎరుక? మొదలు ఎట్ల చెప్పినవో అట్లనే చేస్త" అనేది.

నేనూ విసిగి వదిలేశాను. బానెట్ కింద, తాళం తిప్పగానే టక్‌మని కరెంటు కలిపే రిలే మీద వేలు పెడితే చాలు, తాళం తిప్పుతున్నది సుగుణో, బండి ఓనరో తెలిసిపోయేది. ఓనర్లకు తొందర ఎక్కువ, ఒకేసారి కొట్టేస్తారు.

కరోనా వచ్చిన మొదటి ఏడాది వానాకాలంలో ఆమెకు జ్వరం వచ్చింది. వానకు వచ్చిన జ్వరమే, రేపు చూద్దాం అన్నాను. ఆ రేపు కూడా గోలీలతో గడిపాను. మూడోనాడు దవాఖానాకు తీసుకెళ్తే లోపలికి ఆమెను ఒక్కదాన్నే తీసుకున్నారు. అయిదు రోజులు ఫోన్లో మాట్లాడింది. ఆరోరోజు ఫోన్ రాలేదు. గుడ్డ చుట్టిన మనిషిని దూరం నుంచి చూపించారు. మా అమ్మాయి సిరిసిల్లలో అత్తగారింట్లో ఉండి వీడియో కాల్లో ఏడ్చింది. నాకు ఏడుపు కూడా సరిగ్గా రాలేదు. ఒక్కరోజు ముందు తీసుకెళ్లి ఉంటే అన్న మాట మాత్రం లోపల తిరుగుతూనే ఉంది.

తర్వాత ఒక్కడినే. పొద్దున ఒకసారి వండితే రాత్రికీ అదే. చుట్టూ మగ్గాల కార్ఖానాలు సగం మూతపడ్డాయి. పుట్టినప్పటి నుంచి చెవుల్లో మోగిన ఖట్‌ఖట్ ఆగిపోయేసరికి ఇంట్లో గోడగడియారం కూడా పెద్దగా వినిపించేది. మనిషి మాట కోసం రేడియో పెట్టుకునేవాణ్ణి. దుకాణానికి వచ్చేవాళ్లు దూరంగా నిలబడి, మాస్కు దించకుండా మాట్లాడి వెళ్లిపోయేవారు.

మరుసటి ఎండాకాలం రెండో విడత వచ్చింది. ఒక మధ్యాహ్నం, రెండు కావస్తుండగా భాగ్యక్క చెప్పులు కూడా లేకుండా పరుగెత్తుకొచ్చింది. రెండు గల్లీల అవతల మేడమీద ఉంటారు. ఆమె భర్త నర్సయ్యను నేను బావా అని పిలుస్తాను. ముందు మగ్గం నడిపేవాడు, తర్వాత పాత కారు ఒకటి కొని పెళ్లిళ్లకు, స్టేషన్‌కు కిరాయికి తిప్పుకుంటున్నాడు.

"తమ్మీ, మీ బావకు దమ్ము ఆడుతలేదు. అంబులెన్సోళ్ల లైనే దొరుకుతలేదు. ఆటోవాలా చూసి భాగ్ గయా, పారిపోయిండు. మన బండే స్టార్ట్ అయితలేదు. జర జల్ది రా."

నాకున్నది స్కూటర్. దాని మీద బావ కూర్చోలేడు, పడుకోబెడితే ఊపిరి అందడం లేదు. ఆ కారు కదలాలి, లేకపోతే ఆయన ఆ మేడమీదే పోతాడు. టూల్ బ్యాగు, ఒక మంచి బ్యాటరీ స్కూటర్ మీద వేసుకుని వెళ్లాను.

కారు మెట్ల పక్కన ఉంది, మూడు వారాలుగా కదల్లేదు. బ్యాటరీ మార్చాను. భాగ్యక్క పక్కన నిలబడి ఉండగా సెల్ఫ్ కొట్టాను. ఇంజన్ తిరుగుతోంది గానీ అందుకోవడం లేదు. తాళం ఆన్ చేస్తే వెలిగే ఇంజన్ లైటు, సెల్ఫ్ కొట్టగానే ఆరిపోతోంది. నాకు అర్థమైంది. ఇంజన్ పవర్ రిలే. మేము మెయిన్ రిలే అంటాం. అగ్గిపెట్టెలో సగం ఉండే నల్ల డబ్బీ. పెట్రోలు పంపుకూ, ఇంజన్ కంప్యూటర్‌కూ కరెంటు దాని గుండానే వెళ్లాలి. అది వదిలేస్తే అంత పెద్ద ఇంజనూ ఉత్త ఇనుమే.

హారన్‌దీ అదే రకం రిలే. అది తీసి ఇందులో పెట్టి మళ్లీ కొట్టాను. మార్పు లేదు. అంటే రిలే బాగానే ఉంది, అది కూర్చునే చోట ఏదో తేడా. అప్పుడే మేడమీద దగ్గు వినిపించి భాగ్యక్క పైకి పరుగెత్తింది. ఇక్కడ ఒక సంగతి గుర్తుంచుకోండి. ఆమె పైకి వెళ్లాక నేను నా చేత్తో ఒక్కసారి కూడా సెల్ఫ్ కొట్టలేదు.

తాళం ఆన్‌లో పెట్టి టెస్ట్ ల్యాంపుతో చూశాను. కరెంటు వస్తోంది. ఇంజన్ కదిలినప్పుడే పోతోంది. అది ఎక్కడ పోతోందో తెలియాలంటే రిలే మీద వేలు ఉండాలి, అదే సమయంలో ఎవరో సెల్ఫ్ కొట్టాలి. భాగ్యక్కను పిలిచాను.

"మీ బావను పట్టుకొని కూసున్న తమ్మీ, వదిలితే పక్కకు ఒరుగుతుండు" అని పైనుంచి అరిచింది.

గల్లీ అంతా తలుపులు మూసి ఉన్నాయి. ఎదురింటాయన్ని కేకేశాను. కిటికీ సందులోంచి చేతులు జోడించాడు. జబ్బు మనిషి కారులో ఎవరు కూర్చుంటారు? నేను తప్పు పట్టను. కానీ ఆ నిమిషంలో అంత పెద్ద ఊళ్లో నాకు తాళం తిప్పే మనిషి ఒక్కడు దొరకలేదని గుండె మండింది.

మెకానిక్కులు ఇది చదివితే నవ్వుతారు. వైరు ముక్కతో రిలేను దాటించి డైరెక్ట్ ఇవ్వొచ్చు కదా అంటారు. ఇవ్వొచ్చు. చెయ్యి తిరిగిన నాకు ఆ రోజు అది తోచలేదు. పైనుంచి బావ ఊపిరి లాగడం వినిపిస్తోంది. ఇంకోసారి ఆలస్యం చేస్తున్నానన్న భయం తప్ప బుర్రలో ఏమీ లేదు.

రిలే కాళ్లు చూద్దామని బయటికి తీయాలి. ఫ్యూజు డబ్బాలో చెయ్యి పెట్టేముందు తాళం తీసి జేబులో వేసుకోవాలని మా ఉస్తాద్ నేర్పాడు. ఆ అలవాటు ఇప్పటికీ తప్పను. తాళం తీసి చొక్కా జేబులో వేసుకున్నాను, రిలే పీకాను. కాళ్లు శుభ్రంగానే ఉన్నాయి. తిరిగి కూర్చోబెట్టి, దాని మీద వేలు పెట్టి, తల వంచుకుని చూస్తూ, ఆలోచించకుండానే అరిచాను.

"కొట్టవే సుగుణా."

వేలి కింద టక్‌మంది. వదిలింది. మళ్లీ టక్‌మని వదిలింది. మూడోసారి టక్‌మని పట్టుకుంది, ఇంజన్ తిరగడం మొదలైంది.

నాకేమీ వింతగా అనిపించలేదు. ఇదే నేను చెప్పలేకపోతున్నది. పాతికేళ్లు ఎలా జరిగిందో అలాగే జరిగింది, నా కళ్లూ వేలూ పని మీదే ఉన్నాయి. ఇంజన్ ఊగుతుంటే రిలే ఒక పక్కకు కొద్దిగా ఒరుగుతోంది. ఎడమకు నొక్కి పట్టాను. ఇంజన్ ఒక్కక్షణం అందుకుంది. దొరికింది. కింద ఒక కాలు కూర్చునే ఇత్తడి పట్టు వెడల్పయింది, ఊపుకు వదిలేస్తోంది.

"సాలు, ఆపు" అన్నాను. ఆగింది.

రిలే పీకి, సన్నమూతి పట్టకారుతో ఆ పట్టును నొక్కి బిగించాను. నిమిషం పట్టిందేమో. రిలేను గట్టిగా కూర్చోబెట్టి మళ్లీ కేకేశాను.

"కొట్టు."

ఏమీ లేదు. ఇంకోసారి అరిచాను. అప్పుడు కోపమొచ్చింది. "ఏమైందే, వినబడుతలేదా" అంటూ బానెట్ పక్కనుంచి తల బయటపెట్టి చూశాను.

సీట్లో ఎవరూ లేరు. నాలుగు తలుపులూ మూసి ఉన్నాయి. కిటికీలోంచి తాళం పెట్టే చోటు ఖాళీగా కనిపించింది. జేబు తడుముకుంటే తాళం చెవి చేతికి తగిలింది. సుగుణ పోయి ఎనిమిది నెలలైందని నాకు అప్పుడు గుర్తొచ్చింది.

మెట్ల మీద అడుగుల చప్పుడుకు తేరుకున్నాను. భాగ్యక్క బావను భుజానికి ఆనించుకుని, ఒక్కో మెట్టూ దింపుతూ వస్తోంది.

"ఎందుకక్కా అప్పుడే దింపినవ్? ఇంకా స్టార్ట్ కాలె" అన్నాను.

"ఇప్పుడే కొట్టినవ్ గదా. సప్పుడు ఇనబడ్డది. ఇగ అయిందనుకున్న."

సీట్లో కూర్చుని తాళం పెట్టి తిప్పాను. ఒక్క తిప్పుకే ఇంజన్ అందుకుంది. సీటు వేడిగా ఉందా, చల్లగా ఉందా అని తర్వాత చాలాసార్లు గుర్తు చేసుకోబోయాను. గుర్తు లేదు. ఎండలో ఉన్న కారు, వేడిగానే ఉండి ఉంటుంది.

దవాఖానా బయట కార్ల వరస. అందులో గంటన్నర ఉన్నాం. అక్కడి నర్సు ఒకామె సిలిండర్ తెచ్చి కార్లోనే బావకు ఆక్సిజన్ పెట్టింది. సాయంత్రానికి మంచం దొరికింది. పదిహేడు రోజుల తర్వాత బావ సగమైన మనిషిగా ఇంటికొచ్చాడు, కానీ వచ్చాడు.

ఆ కారును తర్వాత నా దుకాణానికి తెచ్చుకుని రెండు రోజులు విప్పి చూశాను. అరిగిన తాళాలు కొన్ని ఆన్‌లో ఉండగానే బయటికి వచ్చేస్తాయి. ఇది రాలేదు, ఎన్ని విధాల లాగినా రాలేదు. స్టార్టర్ వైరు ఎక్కడా ఒరుసుకుపోలేదు. దొంగ అలారం లాంటివేవీ ఆ బండిలో లేవు. నాకు తెలిసిన కారణాలన్నీ ఒక్కొక్కటే కొట్టేశాను.

ఊరి శివారున ఉన్ అనే చోట ఉండే మా ఉస్తాద్‌కు ఒక్కడికే ఈ సంగతి చెప్పాను. ఆయనకు డెబ్బై దాటాయి, నాకంటే మొండివాడు. "షార్ట్ హువా హోగా", ఎక్కడో షార్ట్ అయి ఉంటుంది అన్నాడు. తాళం లేకుండా స్టార్టర్ తిరగడం నేనూ చూశాను, కాదనను. రిలే దానంతటదే రెండుసార్లు టక్‌మంది అన్నా ఒప్పుకుంటాను. "మరి నేను ఆపు అంటే ఎట్లా ఆగింది ఉస్తాద్?" అని అడిగాను. ఆయన చాయ్ తాగి వెళ్లమన్నాడు.

భాగ్యక్క ఇప్పటికీ పండక్కి పిలిచి, "నువ్వే బతికిచ్చినవ్ తమ్మీ" అని పదిమందిలో చెబుతుంది. నేను తల వంచుకుని అన్నం తింటాను. ఎవరు బతికించారని చెప్పను?

ఆ మధ్యాహ్నం ఏం జరిగిందో నాకు తెలియదు. భయంతో బుర్ర చెదిరిందని ఎవరన్నా అంటే వాదించను. భాగ్యక్కకు కూడా అదే నిమిషంలో బుర్ర చెదిరిందా అని మాత్రం అడుగుతాను. ఆ తర్వాత పని లేనప్పుడు కూడా, ఒక్కడినే ఉన్నప్పుడు, ఎన్నో బండ్ల ముందు నిలబడి పిలిచాను. ఏ బండీ పలకలేదు.

నన్ను తినేస్తున్నది కారణం దొరకకపోవడం కాదు. ఎనిమిది నెలల తర్వాత నేను పిలిస్తే పలికింది. నేను తల ఎత్తి చూడలేదు. పని అయిపోయింది కదా అని, ఎప్పటిలాగే కసురుతున్నట్టు, ఆపు అన్నాను.

ఇంకాస్త సేపు ఊరుకుని ఉండాల్సింది.