యాదగిరి అరిచిన మధ్యాహ్నం

ఈ మాట ఇన్నేళ్లుగా గొంతులో అడ్డం పడి ఉంది. మింగలేను, కక్కలేను. మీరు నన్ను ఎరగరు కాబట్టి మీకు చెబుతున్నాను.

నేను తీసింది ఒకే సినిమా. నిజాం కాలం నాటి కథ. గొప్ప బొమ్మ గీయాలన్న పిచ్చిలో మనుషుల్ని బలిపెట్టిన చిత్రకారుణ్ణి చివరికి నవాబు నేలమాళిగలో బంధిస్తాడు. ఆ చిత్రకారుడి వేషం యాదగిరిది. మాదన్నపేటలో పాలవ్యాపారం చేసే ఇంటివాడు, నాటకాల రోజుల నుంచీ నాకు తమ్ముడి లెక్క. చిన్నప్పుడు పాడుబావిలో పడి, పూటంతా అందులోనే ఉండిపోయాడు. మూసిన గదంటే ప్రాణభయం. ఆ సంగతి నాకొక్కడికే చెప్పుకున్నాడు.

ఫలక్‌నుమా దగ్గర ఒక పాత దేవిడీలో, నవాబుల నాటి బంగళాలో, కింద నేలమాళిగలో షూటింగ్. ఎన్నిసార్లు తీసినా వాడి భయం నటనలాగే ఉంది. తలుపు ఊరికే దగ్గరికి వేస్తామని మాటిచ్చాను. లోపల వాడి ఎదురుగా బిగించి వదిలేసిన కెమెరా తిరుగుతోంది. అందరూ పైన ఉన్నారు. నేను బయట గడియ పెట్టాను.

వాడు అరిచాడు. అవి నేను రాసిన మాటలు కావు.

"అన్నా, తియ్యన్నా! ఊపిరాడ్తలేదు!"

పైనవాళ్లు నటన అనుకున్నారు. నాకు తెలుసు. తెలిసీ, లోపలి కెమెరా బొమ్మ కనబడే చేతిలోని చిన్న తెర మీంచి కళ్లు తిప్పుకోలేదు. అప్పుడు నాకు కలిగింది జాలా, సంతోషమా? రెండూనా? అరుపు ఆగిపోయాక గడియ తీశాను. వాడి కోసం భయపడి తీశానా, కావలసిన షాట్ దొరికిందని తీశానా? ఇప్పటికీ నాకే తెలియదు.

గోళ్లు చీలి రక్తం కారుతోంది. నీళ్లు తాగించాక నా చెయ్యి పట్టుకున్నాడు.

"తలుపు బిర్రుగ పట్టిందన్నా. నువ్వు రాకుంటె నా పానం పోతుండె."

"అవును, పాత తలుపులు కదరా," అన్నాను.

ఆ సీను చూసి జనం నన్ను మెచ్చుకున్నారు. యాదగిరి మళ్లీ ముఖానికి రంగు వేసుకోలేదు. చలికాలంలో కూడా తలుపులు బార్లా తెరిచి పడుకుంటాడని వాళ్లావిడ చెప్పింది. ఏటా బోనాలకు నన్ను పిలుస్తాడు. "నా పానం నిలబెట్టిన అన్న," అని చుట్టాలకు చూపిస్తాడు. వాళ్లు నాకు దండం పెడతారు. నేను భోంచేసి వస్తాను.

వాడికి చెబితే నా బరువు దించుకున్నట్టా, వాడికున్న ఒక్క నమ్మకాన్నీ లాక్కున్నట్టా? చెప్పకపోవడం దయా, పిరికితనమా? తేల్చుకోలేకపోతున్నాను. క్షమించమని మిమ్మల్ని అడగను, ఆ హక్కు మీది కాదు. జరిగింది జరిగినట్టు ఒకసారైనా చెప్పాను. అంతే.